పరదేశి కెమెరా, మన పౌరుషము

1970వ సంవత్సరమున లండనులోని బీబీసీవారు తమ టెలివిజనులో నొక చిత్రమాలను ప్రసారము చేసిరి. ఫ్రాన్సు దేశీయుడగు లూయీ మాల్ అను దర్శకుడు మన దేశమున పల్లెలను పట్టణములను దిరిగి, కూలివారిని, భక్తులను, నర్తకులను, కొండవారిని తన కెమెరాకెక్కించి, ఏడు భాగములుగా గూర్చిన చిత్రమది. ప్రసారము నాపుడని భారత ప్రభుత్వమువారు కోరిరి. ఆపమని బీబీసీవారు బదులు చెప్పిరి. అంతట ఢిల్లీలోని బీబీసీ కార్యాలయము మూతపడెను. కొంతకాలమునకది మరల తెఱవబడినది. కలహమును జనులు మఱచిరి. కాని యా కలహమున నిమిడియున్న ప్రశ్న నేటికిని దీరలేదు.

పరదేశీయుడొకడు మన యింటికి వచ్చి, మన దినదిన జీవనమును జూచి, తాను జూచినదానిని లోకమునకు జూపినప్పుడు మనమేమి చేయవలెను? కోపపడవలెనా? సిగ్గుపడవలెనా? నవ్వి యూరకుండవలెనా? నేడు ప్రతి యాత్రికుని చేతిలోను కెమెరా యున్నది. ఉదయమున సందులో దీసిన చిత్రము మధ్యాహ్నమునకు ఖండాంతరములకు బోవుచున్నది. నాడొక్క మాల్ విషయమున వచ్చిన ప్రశ్న నేడు దినదినము వచ్చుచున్నది. వేడిమీదనున్న వ్యవహారముకంటె చల్లారిన వ్యవహారమును విచారించుట సులభము. అందుచేత నీ వారము ఆ పాత వ్యాజ్యెమునే పాఠక మహాశయుల యెదుట బెట్టుచున్నాము.

ముందుగా ముద్దాయి యెవడో చెప్పవలెను. మాల్ 1932లో ఉత్తర ఫ్రాన్సున నొక సంపన్న కుటుంబమున జన్మించెను. ఇరువదియేండ్లు దాటిన కొలదికాలముననే, సముద్రగర్భమును శోధించిన జాక్ కూస్తోతో గలసి తీసిన చిత్రమునకు 1956లో కాన్ నగరపు చలనచిత్రోత్సవమున అగ్ర బహుమానము నందెను. పిదప కథాచిత్రములు తీసి పేరు గడించెను. 1967 చివరను ఫ్రెంచి చిత్రముల ప్రదర్శన నిమిత్తము మన దేశమునకు వచ్చి, చూచినదానితో తృప్తినొందక, 1968 జనవరిలో నిద్దఱు సహచరులతో మరల వచ్చెను. ఎతియెన్ బెకర్ కెమెరా పట్టెను. జాన్ క్లోద్ లొరో ధ్వని నెక్కించెను. ముందుగా వ్రాసికొన్న కథ లేదు. కట్టించిన రంగము లేదు. కనబడినదానిని కనబడినట్లు తీయుట, తీసినదానిని గూర్చి పిదప నాలోచించుట, ఇదియే వారి పద్ధతి. కొన్ని మాసములట్లు తిరిగి, కలకత్తా నగరమును గూర్చి ప్రత్యేకముగా నొక చిత్రమును, ఆరు గంటలకు మించిన యీ చిత్రమాలను సిద్ధపఱచెను. మాలకు వారి భాషలో బెట్టిన పేరునకు ఛాయారూపమైన భారతమని యర్థము.

అందేమున్నది? మొదటి భాగమునకు అసాధ్యమైన కెమెరా యని పేరు. అందు గడ్డి యేరుకొను స్త్రీలు కలరు. చచ్చిన గేదెను రాబందులు పీకికొని తినుట కలదు. రెండవ భాగము మద్రాసును గూర్చినది. మైలాపూరు రథోత్సవము, రుక్మిణీదేవి అరండేల్ 1936లో స్థాపించిన కళాక్షేత్రమున బాలికల నాట్యాభ్యాసము, 1968లో వెలువడిన తిల్లానా మోహనాంబాళ్ అను తమిళచిత్రమును తీయుట, ఇవి యందు గలవు. తరువాతి భాగములలో మతమును, కులమును గూర్చిన విచారణ గలదు. ఆఱవ భాగమున నీలగిరులలోని తోడవారు, కొచ్చిన్ యూదులు, ఒరిస్సా కొండలలోని బోండాలు కనబడుదురు. మాచ్‌ఖండ్ నదికి సమీపమున, తెలుగుసీమకు సరిహద్దుననే యున్న యా బోండా కొండల నెక్కి వచ్చిన తెలుగువారెందఱో చెప్పుట కష్టము. ఫ్రాన్సునుండి వచ్చినవాడు మాత్రమెక్కెను. చివరి భాగము బొంబాయి. కావున నీ చిత్రమున దారిద్ర్యమొక్కటియే కలదనుట సరికాదు. దారిద్ర్యము విస్తారముగా గలదనుట నిజము.

ఇక ఫిర్యాదు పక్షమును విందము. ప్రభుత్వమువారి కోపమునకు గారణము లేకపోలేదు. 1966-67లో బీహారున గొప్ప కాటకము వచ్చెను. 1966లో మన దేశము దాదాపు కోటి టన్నుల తిండిగింజలను విదేశములనుండి తెప్పించుకొనెను. అందధికభాగము అమెరికావారి ధాన్యము. గాదె యడుగంటి పొరుగువాని గుమ్మమున నిలిచిన గృహస్థునకు తన చినిగిన పంచెను వేలెత్తి చూపుట యెంత బాధాకరమో వేఱుగ జెప్పనక్కఱలేదు. ఆ కాలముననే జాతి తన శక్తికొలది శ్రమించుచుండెను. 1955లో పునాదిరాయి పడిన నాగార్జునసాగరమునుండి 1967 ఆగస్టున కాలువలకు నీరు విడువబడెను. ఉక్కు కర్మాగారములు లేచెను. క్రొత్త గోధుమ వంగడములు పంజాబు పొలములకు వచ్చెను. ఇట్టివానికి తగిన చోటీయక, వెనుకబడిన భాగమునే మిక్కిలిగా జూపెనని యభియోగము.

బ్రిటనులో నివసించు మనవారి బాధ యింతకంటె దగ్గఱిది. 1968 ఏప్రిలు 20వ తేదీన ఈనక్ పావెల్ అను పార్లమెంటు సభ్యుడు బర్మింగుహామున వలసవచ్చినవారికి విరుద్ధముగా నుపన్యసించి దేశమునంతను గలవరపెట్టెను. కొలదికాలమునకే యీ చిత్రము అచ్చటి యిండ్లలోనికి వచ్చెను. రాత్రి టెలివిజనున రాబందులను జూచిన యింగ్లీషువాడు తెల్లవాఱి కర్మాగారమున తన ప్రక్క నిలిచిన భారతీయుని నే కంట జూచును? ఇట్టి భయము గలవానిని నీకు సత్యము గిట్టదని యాక్షేపించుట న్యాయము కాదు. చిత్రము తీసినవాడు పని ముగించుకొని తన యూరికి బోవును. దాని ఫలమును వీధిలో ననుభవించువాడు వేఱొకడు. ఈ మాటను మేము తేలికగా ద్రోసివేయము.

మాల్ వలన దోషములు లేవా? కలవు. ఆయనకు మన భాషలు రావు. ఎవనితో మాటాడవలెనన్నను ఇంగ్లీషు వచ్చినవానిని గాని దుబాసిని గాని యాశ్రయింపవలసినవాడే. అందుచేత నా చిత్రమున పనివారు కనబడినంతగా వినబడరు. వారి మొగములపై మాల్ గొంతు పఱచుకొని యుండును. రోకలి యెత్తినవారి శ్రమ మన కన్నులకు దెలియును గాని, ఆ సాయంకాలమున వారేమి వండుకొందురో, ఎవరికెంత బాకీపడిరో, దేనికి నవ్వుకొందురో తెలియదు. కొన్ని మాసములలో నింత దేశమును జుట్టివచ్చినవానికి ప్రతి యూరును ఒక దృశ్యమే యగును. ఏ యూరును ఒక కథ కాదు. పెట్టిన పేరును జూడుడు. ఛాయయట! కోట్లకొలది జనులు ఎండలో దున్నుచు, కోయుచు, మోయుచు, పిల్లలను బెంచుచుండగా, తనకు బోధపడనంత మాత్రమున దేశమునే ఛాయ యనుట, మసకలు గ్రమ్మినవాడు దీపము మలిగినదనుట వంటిది.

ఐనను దోషములలో దారతమ్యము గలదు. 1922లో రాబర్ట్ ఫ్లాహర్టీ అను అమెరికా దేశీయుడు కెనడా యుత్తరపు మంచుసీమలోని ఇన్యూట్ జాతివారిని గూర్చి నానూక్ అను చిత్రమును వెలువరించెను. డాక్యుమెంటరీలకు ఆద్యమని దానిని నేటికిని గొనియాడుదురు. నానూక్ అనునది ఆ నాయకుని యసలు పేరు కాదు. ఆ కాలమునకే వేటకు తుపాకులు వాడుచున్నవారిచేత పూర్వపద్ధతిని బల్లెములు పట్టించెను. లోపల వెలుతురు చాలదని మంచుగూటిని సగము కోసి, అందు వారిని నిద్రింపజేసి తీసెను. ప్రేక్షకుడు కోరిన యమాయకుని తయారుచేసి యిచ్చుట యది. మాల్ అట్టి పని చేయలేదు. మఱియు, తన దృష్టి పాశ్చాత్యుని దృష్టి యని దాచుకొనలేదు. రాబందుల దృశ్యమువద్ద, తనకు ఘోరముగ దోచినది ఇచ్చటివారికి నిత్యవ్యవహారమని తానే చెప్పెను. కెమెరా యెదుట నిలిచినవారు దానివైపు తేఱిపాఱ జూచుచుండగా, ఆ చూపులను కత్తిరించి పాఱవేయక యట్లే యుంచెను. చూడవచ్చినవాడు తానే చూడబడెను. మొదటి భాగమునకు అసాధ్యమైన కెమెరా యని పేరిడుటలో నీ యొప్పుకోలు గలదు. తన కొలబద్ద వంకరయని ముందే చెప్పి కొలుచువాడు దొంగతూకము వేయువాడు కాడు.

ఇప్పుడసలు ప్రశ్నకు వత్తము. ఆ చిత్రమువలన నవమానమెవరికి గలిగెను? గడ్డి యేరిన స్త్రీకా? ఆమె ఆ చిత్రమును జూచియుండదు. బోండా కొండలవారికా? లండను టెలివిజనుతో వారికేమి పని? ఢిల్లీలోని యధికారులు, విదేశములలోని దూతలు, పత్రికలు చదువు మనబోటి పట్టణవాసులు, వీరికి గలిగెను. తమ పనిని దాము చేసికొనుచు తలవంపక కెమెరావైపు జూచినవారి తరపున, వారి నడుగకయే మనము సిగ్గుపడితిమి. ఇందొక కపటమున్నది. బజారులో కంకర కొట్టు స్త్రీని, ఆమె ప్రక్క గోనెపై నిద్రించు బిడ్డను, మనము ప్రతిదినము దాటి పోవుచునే యున్నాము. అప్పుడు కలుగని సిగ్గు, పరదేశీయుడామెను జూచినప్పుడెట్లు కలిగెను? సిగ్గు ఆమె యవస్థను గూర్చియైనచో మొదటి దినముననే కలుగవలసినది. ఇతరులకు దెలిసినదని కలిగిన సిగ్గు, దొరికిపోయినవాని సిగ్గేగాని ధర్మము తప్పితినని వగచువాని సిగ్గు కాదు.

దేశాభిమానమనగా దేశముయొక్క పేరును గాచుట మాత్రము కాదు. పేరు దేశములోని జనులకంటె పెద్దది కాదు. ఇంటి పరువు కొఱకు జబ్బుపడిన బిడ్డను వెనుకగదిలో దాచు తండ్రిని మన మేమందుము? వైద్యుని బిలువక తలుపు మూయుట ప్రేమ యనిపించుకొనునా? కడుపు మాడినవానిని చాటుకు బొమ్మనుట యభిమానము కాదు. వాడిని రెండవమాఱు దండించుటయే.

దురుద్దేశముతో వ్రాయువారు, తీయువారు లేరా యని యడుగవచ్చును. కలరు. 1927లో కాథరిన్ మేయో అను అమెరికా స్త్రీ మదర్ ఇండియా యను గ్రంథమును బ్రకటించి, మన సాంఘిక దురాచారముల నన్నిటిని కుప్పవేసి, ఇట్టివారికి స్వరాజ్యమేల యను భావమును లోకమున వ్యాపింపజేసెను. దానికి లాలా లజపతిరాయి 1928లో గ్రంథరూపముననే బదులు చెప్పెను. మహాత్ముడు ఆ గ్రంథమును మురుగుకాలువల తనిఖీదారు నివేదికతో బోల్చెను. ఈ మాట మాత్రమే మనకు జ్ఞప్తియందున్నది. కాని యా వ్యాసముననే, ఆమె నేరారోపణను నిరాకరించినను దాని యడుగుననున్న సారమును మాత్రము మనము నిరాకరింపరాదనియు, భారతీయులు దానిని జదివి కొంత మేలు పొందవచ్చుననియు ఆయన చెప్పెను. పరతంత్రులమై, ఎదుటివాడు మన హక్కునే కాదనుచున్న కాలమున జెప్పబడిన మాట యది. మేయో వ్రాత ఉద్దేశపూర్వకమైన యభియోగము. మాల్ చిత్రము తడబడుచు వెదకినవాని యనుభవము. అభియోగమునే యంత నిబ్బరముతో నెదుర్కొన్న జాతి, స్వతంత్రమైన యిరువదిమూడేండ్లకు ఒక యాత్రికుని యనుభవమునకు తలుపులు మూసికొనుట చిన్నతనము కాదా?

ఈ చిన్నతనము మనకొక్కరికే గలిగినది కాదని చెప్పుట న్యాయము. 1972లో చైనా ప్రభుత్వమువారు ఇటలీ దర్శకుడగు మికెలాంజెలో ఆంటోనియోనిని దామే పిలిపించిరి. పీకింగు, సూచౌ, నాంకింగు, షాంఘై నగరములను, హోనాన్ రాష్ట్రపు పల్లెలను జూడనిచ్చిరి. ఆయన మూడుగంటలకు మించిన చిత్రమును దీసెను. అందు వీధులలో నడచు జనులు, పసిబిడ్డల పాఠశాలలు, సూదివైద్యముతో నొప్పి తెలియకుండ జేసి చేయు కాన్పు, తేనీటి దుకాణములలో ముసలివారు కనబడుదురు. విప్లవము సాధించిన ఘనకార్యములను జూపుమని పిలిచినవారికి, ఆయన మామూలు మనుష్యుల మొగములను జూపెను.

1974 జనవరిలో పీపుల్స్ డైలీ యను ప్రభుత్వపక్ష పత్రిక యా చిత్రముపై విరుచుకుపడెను. నాంకింగు దగ్గఱ యాంగ్‌ట్సీ నదిపై గట్టిన గొప్ప వంతెనను తప్పుడు కోణమునుండి తీసెననియు, చైనాను దూషించుటకే వచ్చెననియు వ్రాసెను. నాడు రాజ్యమేలుచున్న పక్షములలోని యంతఃకలహము దీనికి వెనుక నుండెను. పిలిపించిన ప్రధాని చౌ ఎన్‌లై మీది గుఱి దర్శకునిపై బడినదని చరిత్రకారులందురు. కర్మాగారములలో, గ్రామములలో, పాఠశాలలలో సభలు జేసి లక్షలకొలది జనులచేత చిత్రమును ఖండింపజేసిరి. వారిలో దానిని జూచినవారు లేనట్లే. చూడనిదానిని దూషించుటకు జనుల కధికారమిచ్చి, చూచుట కధికారమీయకుండుట యెంత వింత! ముప్పదియేండ్లకు, 2004లో, పీకింగు చలనచిత్ర విద్యాలయమున దానిని బహిరంగముగ బ్రదర్శించిరి. నాటి సందులు, సైకిళ్ల ప్రవాహములు, నీలిరంగు దుస్తుల బాలకులు అప్పటికి చరిత్రలో గలసిపోయిరి. తమ తల్లిదండ్రుల కాలపు నడకను, నవ్వును జూడగోరినవారికి, ఒకప్పుడు ద్రోహమనిపించుకొన్న చిత్రమే యాధారమయ్యెను.

ఒకటి ప్రజాప్రభుత్వము, వేఱొకటి విప్లవ ప్రభుత్వము. ఐనను బరదేశి కెమెరా యెదుట రెండును ఒకే తీరున బ్రవర్తించెను. ఫలితమును ఒకటియే. చూడవద్దన్న చిత్రమును లోకమంతయు జూచెను. చూపబడిన దేశము మాత్రము చూడలేదు. నిషేధముచేత బరదేశీయుని నోరు మూయబడదు, మన కన్నే మూయబడును. బదులు చెప్పవలసినవానికి అసలు ప్రశ్న యేమో తెలియకుండ జేయుట యే రాజనీతి?

కాలము మఱియొక పాఠమును గూడ నేర్పినది. మనవారికి గోపము దెప్పించిన యా రాబందులనే చూడుడు. పశువుల కిచ్చు డైక్లోఫినాక్ అను మందువలన 1990ల నుండి మన దేశమున రాబందులు నూటికి తొంబదికి పైగా నశించినవి. 2006లో నా మందును పశువైద్యమున నిషేధించిరి. నాడు దేశమునకు దలవంపు అనిపించిన దృశ్యమును నేడు మన పిల్లలు ఊరి వెలుపల జూడలేరు. కళేబరములు కుక్కలపాలగుచున్నవి. రాబందు మన యూరికి జేసిన యుపకారమెట్టిదో అది పోయినపిదపగాని మనకు దెలియలేదు. నిత్యజీవనమును నమోదుచేసిన చిత్రమున నేది సిగ్గుచేటో, ఏది నిక్షేపమో ఆనాడే తేల్చుట యెవరితరము? మహోత్సవములను, ప్రారంభోత్సవములను తీయుటకు సర్కారు కెమెరాలు కలవు. రైతు చెప్పు కుట్టించుకొనుట, కూలిది పిల్లకు జడవేయుట, ఎవరును బద్దులలో వ్రాయరు. అట్టివానిని తీసినవాడు, పరాయివాడైనను, మన కొక ఋణమును మిగిల్చిపోయినవాడే.

ఐతే మన జీవనమును పరులే తీయవలెనా? ఇదియే యసలు పౌరుషముతో నడుగవలసిన ప్రశ్న. ప్రభుత్వమువారు 1948లో ఫిల్మ్స్ డివిజను అను శాఖను నెలకొల్పిరి. దాని చిత్రములను సినిమాశాలలలో నసలు ఆటకు ముందుగా బ్రదర్శించుట నాడు విధిగా నుండెను. వానిలో ననేకములు ఆనకట్టల ప్రశంసలే యైనను, అన్నియు నట్టివి కావు. 1967లో, అనగా మాల్ కెమెరాతో వచ్చుటకు ముందటి యేడే, యెస్.ఎన్.ఎస్. శాస్త్రిగారు ఆ శాఖ పక్షముననే, స్వాతంత్ర్యముతోపాటు జన్మించి యిరువదేండ్లు నిండిన యువకులను వారి నోటనే మాటాడించి చిత్రము దీసెను. దేశమును మెచ్చినవారును అందు గలరు, మెచ్చనివారును గలరు. ఆ సంవత్సరముననే సుఖదేవ్‌గారు తీసిన చిత్రము దేశమునంతను జుట్టివచ్చి, వ్యాఖ్యాన మక్కఱలేకయే వెలుగును నీడను బ్రక్కప్రక్కల నుంచెను. అట్టి చిత్రములకు సొమ్ము వెచ్చించిన ప్రభుత్వమునకు మాల్ చిత్రముచూచి బెదరవలసిన పని లేదు. మన చిత్రములను లండనుకు బంపి, వాని ప్రక్కనే వీనిని గూడ జూడుడని యడిగియున్నచో బదులు ఘనముగ నుండెడిది.

స్వదేశీయుడు తీసినంతమాత్రమున చిక్కు తీరిపోవునని మేమనము. 1980లో రాజ్యసభ సభ్యురాలైన నర్గీసుగారు, సత్యజిత్ రాయిగారు మన దారిద్ర్యమును విదేశములకు ఎగుమతి చేయుచున్నాడని యాక్షేపించిరి. బెంగాలువాడు బెంగాలు పల్లెను బెంగాలీలో జూపినను ఆ నింద తప్పలేదు! కావున కోపము పరదేశీయత మీద కాదు, చూపుట మీదనే యని తేలుచున్నది. వేఱొక యుదాహరణము ఇంతకంటె లోతైనది. ఆనంద పట్వర్ధన్‌గారు 1985లో బొంబాయి గుడిసెవాసులను గూర్చి హమారా షహర్ అను చిత్రమును దీసిరి. అందొక స్త్రీ కెమెరా పట్టినవారినే నిలదీయును. తమ బొమ్మలు తీసికొనిపోయినందున తమకేమి యొరుగునని యడుగును. దర్శకుడా మాటను దొలగింపక చిత్రముననే యుంచెను. ప్రభుత్వము అడుగలేని ప్రశ్నను, రాయబారులు అడుగలేని ప్రశ్నను, ఆ స్త్రీ యడిగెను. దేశము పేరు మాట ఆమె యెత్తలేదు. తన మాటయే యెత్తెను. అడుగు హక్కు గలది ఆమెకే.

కావున మేము రెండు పక్షములకును జెప్పదలచినది యిది. పరదేశమునుండి వచ్చు చిత్రనిర్మాతలతో: రండు, చూడుడు, తీయుడు. మా దేవాలయములనే చూడుడని గాని, మా మురికిసందులను జూడవలదని గాని చెప్పము. కాని కొంతకాలము నిలువుడు. భాష నేర్చినవానిని వెంట నుంచుకొనుడు. తీయుచున్నవారి యనుమతి నడుగుడు. వలదన్నచో కెమెరాను దింపుడు. వారి పేరు, వారి మాట, వారి నవ్వు గూడ చిత్రమున నుండనీయుడు. తీసినదానిని, వీలైనంత, తీయబడినవారికి జూపుడు. ఒక వీధిని జూచి దేశమనకుడు. బోధపడనిదానికి రహస్యమని పేరు పెట్టకుడు.

మన ప్రభుత్వములతోను, మన పఠనమందిరములలో గూర్చుండి యిట్టి వార్తలు చదివి యుడుకు మనవారితోను: అబద్ధము చెప్పినవాని కబద్ధమని యాధారముతో బదులు చెప్పుడు. సగము చెప్పినవానికి మిగిలిన సగము చెప్పుడు. నిజము చెప్పినవానిపై గోపగించి ప్రయోజనము లేదు. చూడకమునుపు ఖండన తీర్మానములు చేయకుడు. అట్టి చిత్రమెద్ది వచ్చినను, దానిని మన యూరిలోనే బహిరంగముగ బ్రదర్శించి, అందు గనబడినవారిని ముందు వరుసలో గూర్చుండబెట్టి, వారి యభిప్రాయమును మొదట నడుగుడు. వారు తప్పన్నచో, ఆ తప్పును లోకమునకు జాటుటకు మన కలముండనే యున్నది. వారు నిజమన్నచో, జరుగవలసిన పని లండనులో కాదు, మన పురపాలక సంఘములోను, మన పంచాయతీలోను గలదు.

మాల్ 1995లో గతించెను. ఆంటోనియోని 2007లో గతించెను. వారికిని మనకును ఇక వ్యాజ్యెము లేదు. వారు తీసిన చిత్రములలోని మనుష్యులు మాత్రము నేటికిని కన్నార్పక మనవైపే చూచుచున్నారు. వారు చూచుచున్నది ఆనాటి పరదేశీయునే యనుకొని యింతకాలము మనము మొగము ద్రిప్పికొంటిమి. ఆ చూపునకు బదులు చెప్పవలసినవారము మనమే. కెమెరా యెవరిదైనను కానిండు. కంకర కొట్టు స్త్రీకి నీడయు, కూలియు, ఆమె బిడ్డకు బడియు గల్పించిన దినమున ఏ దేశపు చిత్రమునకును మనము వెఱవ బనిలేదు.